నోరు విప్పని మూడో దయ్యం

నా మూలంగా ఒక మనిషి చచ్చిపోయాడు. కంగారు పడకండి, మర్నాడు పొద్దున్నే లేచి వేపపుల్లతో పళ్ళు తోముకున్నాడు. అసలు కొంప మునిగింది అక్కడే. మునిగిన కొంప మా అవ్వది. ముంచింది నేను. చేత్తో కాదు, నోటితో. ఇప్పుడు చెప్పబోయేది వింటే మీకు నవ్వొస్తుంది, మొహమాటం లేకుండా నవ్వండి. ఆ రోజుల్లో రెంజల్ నుంచి బోధన్ దాకా ఈ సంగతికి నవ్వని వాళ్ళు ఇద్దరే. ఒకరు మా అవ్వ, ఇంకొకడు నేను.

అవ్వ అంటే మా అమ్మ. మా ఇందూరు, అంటే నిజామాబాదు జిల్లాలో కన్నతల్లిని అలాగే పిలుస్తాం. ఆమెకు తోడబుట్టినవాడు ఒక్కడే, మల్లయ్య మామ. రెంజల్ పక్కన పల్లె, చెరకు తోట, పసుపు చేను, ఎడ్లు, పెంకుటిల్లు అన్నీ ఉన్నవాడు. ఒక్క కూతురు, ఆమెకు పెళ్ళయి వెళ్ళిపోయింది. కొడుకుల్లేరు. ఇంత ఉన్న మనిషికి చెయ్యి మాత్రం ముడుచుకునే ఉండేది. పిసినారిని ఎంగిలి చేత్తో కాకిని తోలడంటారు కదా, మా మామ కడిగిన చేత్తో కూడా తోలడు, చెయ్యి ఊపితే ఆకలేస్తుందని. అగ్గిపుల్లను నిలువునా చీల్చి రెండు చేసేవాడు. చెరకు తోట ఉన్న ఇంటికి పోతే ఎవరైనా ఒక గడ విరిచి చేతికిస్తారు. మామ మాత్రం "గడ తింటె పండ్లు అరుగుతయి రా" అని మన పళ్ళ మీద జాలి చూపించేవాడు.

మామ పిసినారితనంతో నాకేం పేచీ లేదు. ఆయన అగ్గిపుల్లలు ఆయనవి. పేచీ అంతా ఒడిబియ్యం దగ్గర వచ్చింది. మా వైపు పెళ్ళయిన ఆడపిల్లను మూడేళ్ళకో ఐదేళ్ళకో పుట్టింటికి పిలిచి, పసుపు కలిపిన బియ్యం దోసిళ్ళతో ఒడిలో పోసి, చీర పెట్టి పంపుతారు. ఆమె ఆ బియ్యం తెచ్చి వండి, వాడకట్టు వాళ్ళందరినీ భోజనానికి పిలుస్తుంది. ఒడి నిండిన ఆడదానికి ఆ వారమంతా నడకే వేరేగా ఉంటుంది. మా అమ్మమ్మ పోయినప్పుడు, ఆమె కాళ్ళ వెండి కడాలు యాదికి నాకియ్యరాదా అన్నా అని అవ్వ అడిగింది. అడగడమే పాపమైంది. "పెండ్లయి పోయినదానికి ఈడ ఏమున్నదే?" అన్నాడు మామ. అంతే, ఆ రోజు నుంచి పుట్టింటి పిలుపు లేదు, ఒడిబియ్యం లేవు. వాడకట్టులో ఎవరో ఒకరు ఒడిబియ్యం భోజనానికి పిలుస్తూనే ఉండేవారు. అవ్వ పోయి, తినొచ్చి, "మనమెన్నడు పిలుస్తమో" అనేది. నాతో కాదు, పొయ్యిలో కట్టెలతో అనేది.

నేనప్పుడు బోధన్ చక్కెర ఫ్యాక్టరీలో చెరకు బండ్లు తూచే కాటా దగ్గర గుమాస్తాను. కొత్త ఉద్యోగం, కొత్త మీసం. లోకంలో ఏ సమస్యకైనా నా దగ్గర మందు ఉందనుకునే వయసు. నాకొక దోస్తు, యూసుఫ్. బోధన్ బజారులో తాతల నాటి నుంచి దర్జీ పని చేసే ఇల్లు వాళ్ళది. క్రిస్మస్‌కు ముందు ఒకరోజు యూసుఫ్ కబురు మోసుకొచ్చాడు. నిజామాబాదులో ఒక మిషన్ కాంపౌండులో తెరకట్టి ఇంగ్లీషు బొమ్మ చూపిస్తున్నారట, టికెట్టు లేదట. టికెట్టు లేదంటే నేను శవయాత్ర కూడా చూసే రకం. ఇద్దరం పోయి ముందు వరసలో చాప మీద కూర్చున్నాం.

తెర పక్కన ఒక ముసలి పంతులుగారు కర్ర పట్టుకుని నిలబడి తెలుగులో చెబుతున్నాడు. ఆయన చెప్పేలోపు బొమ్మ ముందుకు పోతోంది. "ఇప్పుడు దయ్యం రాబోవుచున్నది" అని ఆయన అనేసరికి, ఆ దయ్యం వచ్చి పని చూసుకుని వెళ్ళిపోయి కూడా ఉంటోంది. అయినా కథ మాత్రం నాకు బాగా ఎక్కింది. ఒక పిసినారి ముసలాయన. పండగ ముందు రాత్రి, చచ్చిపోయిన పాత భాగస్తుడు గొలుసులు ఈడ్చుకుంటూ వచ్చి, నా వెనక ఇంకా ముగ్గురొస్తున్నారు చూసుకో అని చెప్పిపోతాడు. మొదటి దయ్యం గడిచిపోయిన రోజులు చూపిస్తుంది. రెండోది పక్క ఇళ్ళలో ఈ రోజు ఏం జరుగుతోందో చూపిస్తుంది. మూడోది నల్ల ముసుగు కప్పుకుని వస్తుంది. దానికి మొహం లేదు, మాట లేదు. చెయ్యి చాపి చూపిస్తుంది, అంతే. చూపించిన చోట ముసలాయన చచ్చి పడి ఉంటాడు. ఏడ్చే దిక్కు లేదు, మంచం చుట్టూ ఉన్న పరదాలు ఊడబీక్కుపోయే వాళ్ళు మాత్రం ఉన్నారు. ముసలాయన గుండె జారిపోయి, తెల్లారేసరికి ధర్మాత్ముడైపోతాడు. మన దయ్యాలు పట్టి పీడిస్తాయి, ఇంగ్లీషు దయ్యాలు మంచి మాటలు చెప్పి పోతాయి. దయ్యాలు వేదాలు వల్లించడమంటే ఏమిటో ఆ రోజు కళ్ళారా చూశాను.

తిరిగొచ్చే బస్సులో యూసుఫ్ మోకాలి మీద గట్టిగా చరిచాను.

"యూసుఫ్ భాయ్, మా మల్లయ్య మామకు ఈ మందు పోద్దాం."

"ఏ మందు?"

"ముగ్గురు దయ్యాలు! వాళ్ళ ఇంటి ముంగటనే నాటకం ఆడుదాం. మామ చూస్తడు, మారుతడు, అవ్వకు ఒడిబియ్యం పోస్తడు."

"అరె యార్, సినిమల ఆ ముసలోనికి నిజం దయ్యాలు వచ్చినయి. మనం నకిలీ."

"మామ పిసినారితనం అసలుదే కదా. సాలు."

ఇది విన్నాక కూడా నన్ను బస్సులోంచి దింపెయ్యలేదు వాడు. దోస్తానా అంటే అదే.

మామను ఒప్పించడం కష్టమనుకున్నాను. చాలా తేలికైంది.

"నాటకమా? అన్నం నేను పెట్టాల్నా?" అన్నాడు.

"మా సద్ది మేమే తెచ్చుకుంటం మామా."

"బత్తి?"

"పెట్రోమాక్సు కూడ మాదే. గ్యాసునూనె మాదే."

"మరి నాదేముంటది?"

"పేరు నీదే. మల్లయ్య పటేల్ ఆడిచ్చిండని ఊరంత చెప్పుకుంటది."

"గట్లనా? ఆడుండ్రి మరి" అని ఆ పూటే నులక మంచం బయట వేయించుకున్నాడు, తనకు.

వేషాలు కుట్టే దగ్గర యూసుఫ్ వాళ్ళమ్మ గోల పెట్టింది. "బతికుండంగనే కఫన్ కుడుతున్నవారా, తౌబా తౌబా" అని మిషను మీద నుంచి తెల్లగుడ్డ లాగేసింది. శవం మీద కప్పే గుడ్డ బతికినవాడు వేసుకుంటే అరిష్టమని ఆమె భయం. ఆ భయం మా వాళ్ళకూ ఉంది. దాంతో ఊళ్ళో చిందు భాగవతం ఆడే కుర్రాళ్ళు కూడా దయ్యం వేషమంటే జారుకున్నారు. చివరికి నేనే పిసినారిని, యూసుఫే మొదటి దయ్యం, కోటు తిప్పి తొడుక్కుంటే వాడే రెండో దయ్యం. మూడో దయ్యానికి మామ ఊళ్ళో డప్పు కొట్టే బాలయ్య దొరికాడు.

"మాటలున్నయా పటేలా?" అని అడిగాడు.

"ఒక్క మాట లేదు. చెయ్యితోని చూపిచ్చుడే."

"గట్లయితె ఏస్త. మాటలుంటె నాతోని కాదు."

ఇంతవరకూ అయినా బాగుండేది. కానీ నాలో కళ పొంగింది. ఇంగ్లీషు కథలో ముసలాయనకు సమాధి రాయి చూపిస్తారు. మా రైతులు కాల్చేవాళ్ళే తప్ప రాయి పాతేవాళ్ళు కాదు. రాయి చూపిస్తే ఊరు గట్టు రాయి అనుకుంటుంది. మరి చావు వచ్చిందని మా ఊళ్ళలో తెలిసేది దేనితో? డప్పుతో. పెళ్ళి దెబ్బ వేరు, జాతర దెబ్బ వేరు, చావు దెబ్బ వేరు. అది వినబడితే తినే అన్నం ముద్ద ఆపి, ఎవరు పోయారని జనం వాకిట్లోకి వస్తారు. అందుకని మూడో దయ్యం చావు దెబ్బ కొట్టాలన్నాను.

"కొట్టమంటె కొడ్త. మల్ల నా మీదికి రావద్దు" అన్నాడు బాలయ్య.

"నీ మీదికి ఎందుకొస్తరు? కొట్టుకుంట కొట్టుకుంట వాకిట్లకెళ్ళి సడక్ దాక పోవాలె. చప్పుడు దూరమవుతుంటె మామకు గుండెలు జారాలె. ఇగో, ఒక్క సంగతి చెప్తున్న. నాటకం అయ్యేదాక నువ్వు దయ్యానివి. ఎవరేమడిగినా మాట్లాడద్దు. చెయ్యి చూపిచ్చుడే. ఒట్టు వెయ్యి."

బాలయ్య ఒట్టు వేశాడు. పైగా మాట తప్పే మనిషి కాడు. నా ఖర్మ.

పొద్దుగూకే వేళకు ఊరంతా మామ వాకిట్లో కూర్చుంది. మామ నులక మంచం మీద. యూసుఫ్ నెత్తిన దీపం పెట్టుకుని మొదటి దయ్యంగా వచ్చాడు. దీపం ఆరిపోయి నూనె మొహం మీదికి కారింది, అది ఏడుపనుకుని ఆడవాళ్ళు అయ్యో అన్నారు. రెండో దయ్యంగా వచ్చి, తాను తెచ్చుకున్న సద్ది అందరి ముందే తిన్నాడు, కథలో విందు ఉంది కాబట్టి. నేను పిసినారిగా నాణేలు దాచుకుంటూ, పేదవాళ్ళను కసురుతూ, నడుమ నడుమ మామ వంక చూస్తూ ఆడాను. మామ మొహంలో ఎక్కడా పశ్చాత్తాపం కనబడలేదు. ఉండుండి పక్కవాళ్ళతో అంటున్నాడు.

"ఆ ముసలోడు మంచోడే ఉన్నడు గద. ఆయన సొమ్ము ఆయన దాసుకుంటె దయ్యాలకెందుకు దుఃఖం?"

అప్పుడు బాలయ్య నల్ల దుప్పటి ముసుగులో వచ్చాడు. చావు దెబ్బ అందుకున్నాడు. ఏం కొట్టాడండీ! నా వీపు మీద వెంట్రుకలు లేచాయి. నేను చచ్చి పడ్డాను. బాలయ్య మామ మంచం దాకా వచ్చి, చెయ్యి చాపి చూపించి, కొట్టుకుంటూ వాకిలి దాటాడు. చప్పుడు దూరమైంది. అంతా నేను చెప్పినట్టే జరిగింది.

సడక్ మీద ఏం జరిగిందో నాకు తర్వాత తెలిసింది. అది చెరకు తోలే కాలం. ఆ వేళకు పల్లెల బండ్లన్నీ వరసకట్టి బోధన్ ఫ్యాక్టరీకి బయలుదేరతాయి. చావు దెబ్బ వినగానే బండ్లవాళ్ళు ఎడ్లను ఆపారు.

"బాలయ్యా, ఎవలు పోయిండ్రు?"

బాలయ్య దయ్యం. దయ్యం మాట్లాడదు. చెయ్యి చాపి, మా మామ ఇల్లు చూపించాడు.

"మల్లన్న పటేలా?"

బాలయ్య మళ్ళీ చెయ్యి చాపాడు. కొట్టుకుంటూ ముందుకు పోయాడు. బండ్లు కదిలాయి. ఆ కబురు బండి నుంచి బండికి పాకి, ఫ్యాక్టరీ గేటు ముందు బారుకు చేరి, అక్కడ ఆగిన ఊళ్ళన్నిటికీ అంటుకుంది. నేనొకటి తలిస్తే దయ్యం ఒకటి తలచింది. అదేమీ తెలియక, నేనూ యూసుఫూ మామ పశువుల కొట్టంలో పడుకుని, నాటకం బాగా వచ్చిందని ఒకరినొకరు మెచ్చుకున్నాం.

పొద్దున్నే మామ అరుగు మీద వేపపుల్ల నోట్లో పెట్టుకుని కూర్చున్నాడు. మొదట వచ్చినవాడు మా అత్త తమ్ముడు, బోధన్ నుంచి. నోటికి తువ్వాలు అడ్డం పెట్టుకుని, అరుగు వైపు చూడకుండా, వాకిట్లో ఉన్న యూసుఫ్‌ను పక్కకు పిలిచాడు.

"ఎట్ల పోయిండు బావ? పసుపు అమ్మిండా, ఇంట్లనే ఉన్నదా?"

"ఇంట్లనే ఉన్నది" అన్నాడు మామ అరుగు మీద నుంచి. "నేను గూడ ఇంట్లనే ఉన్న."

ఆ తువ్వాలు జారిపోవడం నేను ఇప్పటికీ మరిచిపోలేదు. తర్వాత చుట్టుపక్కల ఊళ్ళ జనం రావడం మొదలైంది. ఒక పెద్దావిడ సందు మలుపు నుంచే శోకం అందుకుని, "పోతివా కొడుకా" అంటూ వచ్చి, మామను చూసి, ఆ రాగం అట్లాగే సాగదీసి "పోతివా... యాడికన్న పోతివనుకుంటి" అని దింపేసింది. పొరుగూరి నుంచి వచ్చిన పక్క చేను రైతు ఇంకొకడితో గోడ అవతల "ఇగ గట్టు జరుపుకోవచ్చు" అంటుంటే మామ ఇవతల నుంచి విన్నాడు. అందరినీ విన్నాడు. పుల్ల నమలడం ఆపలేదు, లేచి లోపలికి పోలేదు. తనకెవరు ఏడుస్తారో చూద్దామన్నట్టు అక్కడే కూర్చున్నాడు. ఒక్క కన్ను తడవలేదు.

నేను గుంజ వెనకాల నిలబడి వణుకుతున్నాను. భయంతో అనుకునేరు. ఆనందంతో! ఇంగ్లీషు బొమ్మలో మూడో దయ్యం చూపించినదంతా నా కళ్ళ ముందు అచ్చం అట్లాగే జరుగుతోంది.

అప్పుడొచ్చింది అవ్వ. బోధన్‌లో మొదటి బస్సెక్కి, సడక్ మీద దిగి, చెప్పులు కూడా లేకుండా పరుగెత్తుకొచ్చింది. జుట్టు విడిపోయింది. ఎవరి మొహమూ చూడలేదు. వచ్చి, అరుగు కింద వేలాడుతున్న మామ కాళ్ళు పట్టుకుని, అవి బతికున్న కాళ్ళని కూడా తెలియకుండా ఏడ్చింది.

"ఓ అన్నా... నా అన్నా... నా తల్లిగారింటి తలుపు మూసుకపాయెనే... కడాలడిగిన నా నోట్ల మన్ను వడ... ఇగ నేనెవలింటికి రావాలెనే అన్నా..."

మామ నోట్లోంచి వేపపుల్ల కింద పడింది.

"సెల్లె. ఏడ్వకు. బతికే ఉన్న. ఇగో సూడు, పండ్లు తోముకుంటున్న."

అవ్వ తలెత్తింది. మామ మొహం తడిమి చూసింది. మోకాలి మీద పిడికిలితో ఒక్కటి గుద్ది, ఏడుస్తూనే నవ్వింది. మామ కండువాతో మొహం తుడుచుకున్నాడు, వేపరసం కాదు తుడుచుకున్నది. జనం వైపు తిరిగాడు.

"పొద్దటిసంది ఇంతమంది వస్తిరి. ఒక్కల కండ్లల్ల సుక్క నీళ్ళు లేవు. ఇగో, నా సెల్లె." అని, తలుపు దగ్గర నిలబడ్డ అత్తను పిలిచాడు. "ఏమే, బియ్యం సెరుగు. పసుపు కలుపు. రేపు శుక్రారం, సెల్లె ఒడి నింపుదం. పెట్టెల మా అవ్వ కడాలున్నయి గద, గవి గూడ తీసి పెట్టు."

అత్త నమ్మకం కుదరక ఒకసారి ఆగి చూసింది. మామ మళ్ళీ తలూపాడు. ఆమె లోపలికి పరుగెత్తింది.

అయ్యా, అమ్మా, ఇక్కడ ఒక్క నిమిషం ఆగండి. నా స్థానంలో మీరుంటే ఏం చేసేవాళ్ళు? నోరు మూసుకునేవాళ్ళు. మీ ఇంట్లో పిల్లి ఉన్నా నోరు మూసుకునేది. నేను గుంజ వెనక నుంచి చేతులు ఊపుతూ వాకిట్లోకి దూకాను.

"చూసినవా మామా! అచ్చం ఇంగ్లీషు కథ లెక్కనే అయింది!"

యూసుఫ్ నా చొక్కా పట్టుకుని లాగాడు. చొక్కా వాడు కుట్టినదే, గట్టి కుట్టు, చినగలేదు. నేనే విడిపించుకున్నాను.

"ఏమయింది?" అన్నాడు మామ.

"నీ చావు నువ్వే చూసినవ్, మనసు మారింది. గదే కథ! మూడో దయ్యం పని గదే! రాత్రి నాటకం ఊరోళ్ళ కోసం కాదు మామా, నీ కోసమే పెట్టిన."

"నా కోసమా?"

"అవ్. నీ మనసు మారాలె, అవ్వకు ఒడిబియ్యం పొయ్యాలె అని!"

నోరు మంచిదైతే ఊరు మంచిదంటారు. నా నోటికి ఊరంతా గుడ్లప్పగించి చూస్తోంది. నేను ఇంకా ఆగలేదు. మొదటి దయ్యం అర్థమేమిటో, రెండో దయ్యం అర్థమేమిటో, సభలో బహుమతి అందుకునేవాడిలా చెప్పుకుంటూ పోయాను. మామ మొహంలో తలుపులు ఒక్కొక్కటీ మూసుకుంటుంటే నాకు కనబడలేదు. ఆయన నన్ను వదిలేసి అవ్వ వైపు తిరిగాడు.

"నేర్పిచ్చి తోలినవా?"

"నాకు తెల్వదన్నా. నీ మీద ఒట్టు, నాకేం తెల్వదు."

"తెల్వకనే అంత సక్కగ ఏడ్సినవా?" అన్నాడు మామ. "బియ్యం కోసం నన్ను సంపిచ్చినవా సెల్లె?"

అత్త చాటలో పసుపు బియ్యంతో గడప మీదకు వచ్చింది. మామ ఆమె వైపు చూడకుండానే చెయ్యి ఊపాడు.

"లోపలికి తీస్కపో."

అప్పుడు నోరు మూశాను. చేతులు కాలాక ఆకులు పట్టుకున్నట్టు. "మామా, అవ్వకు నిజంగ తెల్వదు" అని గొణిగాను కానీ, అబద్ధం నాటకం ఆడినవాడి నిజం ఎవడికి కావాలి? అవ్వ లేచి జుట్టు ముడేసుకుంది. "బతికున్నవ్. సాలు" అని మామకు చెప్పి, వాకిలి దాటింది.

సడక్ దాకా నేను వెనక, ఆమె ముందు. యూసుఫ్ ఇంకా వెనక, వేషాల మూట మోసుకుంటూ. బస్సు కోసం నిలబడ్డప్పుడు అవ్వ నా వైపు తిరిగింది.

"ఆ ఇంగ్లీషు కతల మూడో దయ్యం ఏమంటది బిడ్డా?"

"ఏమనదు అవ్వా. దానికి మాటలుండవు."

"మరి నీకెవలు వెట్టిండ్రు మాటలు?"

కొట్టినా బాగుండేది.

కలిపిన పసుపు బియ్యం వృథా కాకూడదని మామ వాటిని పులిహోర వండించుకుని తిన్నాడట. ఆ వాసన ఊరంతా వచ్చిందట. మా వైపు ఇంకొక నమ్మకం ఉంది, బతికున్న మనిషికి ఉత్తుత్తి చావు కబురు పోతే ఆయుష్షు పెరుగుతుందని. పెరిగింది. దగ్గు కూడా రాలేదు మహానుభావుడికి. ఇంగ్లీషు దయ్యాలు పిసినారిని ధర్మాత్ముణ్ణి చేశాయి. నా దయ్యాలు పిసినారికి ఆయుష్షు పోశాయి.

కొన్నేళ్ళకు అదే కథను రంగుల్లో, పాటలతో మళ్ళీ తీశారు. హైదరాబాదు పోయినప్పుడు యూసుఫూ నేనూ చూశాం. అన్నీ మార్చారు. ముసలాయన పాడతాడు, రెండో దయ్యం ఆడుతుంది, వీధి వీధంతా గంతులేస్తుంది. మూడో దయ్యాన్ని మాత్రం మార్చలేదు. అదే ముసుగు, అదే చెయ్యి, ఒక్క మాట లేదు. ఎవరు తీసినా దాని నోరు మాత్రం విప్పరు, ఆ తెలివి ఇంగ్లీషువాళ్ళకుంది. చీకట్లో యూసుఫ్ నా వైపు వంగాడు.

"ఏడుస్తున్నవా యార్?"

"పాట మంచిగున్నది" అన్నాను.

ఇంకొన్నేళ్ళకు, ఒక మధ్యాహ్నం, బాలయ్య బోధన్‌లో మా ఇంటికి వచ్చాడు. చావు కబురు మోసేది మా ఊళ్ళలో డప్పు బాలయ్యలే. అవ్వ గడపలో కూర్చుని బియ్యంలో రాళ్ళు ఏరుతోంది. బాలయ్యను చూడగానే నవ్వింది.

"ఏం బాలయ్యా, మల్ల ఏషం గట్టినవా?"

"లేదవ్వా. మల్లన్న పటేల్ పోయిండు. నిజంగనే పోయిండు."

"ఆనాడు నోరు ఇప్పకపోతివి, ఇయ్యాల మాట్లాడుతున్నవ్. మంచిగ నేర్పిచ్చి తోలిండు మావోడు" అని, ఆయనకు చాయ్ పోసి, మళ్ళీ రాళ్ళు ఏరుకుంది. బాలయ్య ఒట్లు వేసి అలిసిపోయి, నన్ను వెతుక్కుంటూ కాటా దగ్గరకు వచ్చాడు. నేను పరుగెత్తుకుంటూ ఇంటికొచ్చాను.

"అవ్వా, మామ పోయిండు. లే, పోదాం."

"బాలయ్య సెప్తె అరపావు నమ్మిన. నీ నోట్ల నుంచి వస్తె అసలే నమ్మ" అంది అవ్వ.

నేను ఏడ్చాను. వేషం బాగుందంది. కాళ్ళు పట్టుకున్నాను. ఆ రోజు తాను పట్టుకున్న కాళ్ళు గుర్తొచ్చాయేమో, విదిలించుకుని లోపలికి పోయింది. పొద్దువాలాక బాపు, అంటే మా నాన్న, ఫ్యాక్టరీ నుంచి వచ్చాడు. మా బాపు జన్మలో నాటకం చూసినవాడు కాదు, ఆడినవాడు కాదు. ఆయన తలపాగా తీసి చేత్తో పట్టుకుని నిలబడితే అప్పుడు నమ్మింది. మేం పోయేసరికి చితి మీద బూడిదే మిగిలింది.

అవ్వ ఆ బూడిద ముందు నిలబడింది. ఏడుపు రాలేదు. ఎంతసేపు నిలబడ్డా రాలేదు. అన్న కోసం ఏడవాల్సిందంతా ఎప్పుడో ఒక పొద్దున, ఆయన పళ్ళు తోముకుంటుండగా ఏడ్చేసింది. వెనకాల ఆడవాళ్ళు అనుకోవడం మాకు వినబడింది.

"తోడవుట్టినది, కండ్లల్ల తడి లేదు సూడు. బియ్యం పొయ్యలేదని పగ."

నాకు ఒళ్ళు మండిపోయింది. ఆ మనిషి కోసం ఊరు మొత్తంలో ఏడ్చింది ఈమె ఒక్కతేనని అరిచి చెబుదామని అటు తిరిగాను. నోరు తెరిచాను. అవ్వ చెయ్యి వచ్చి నా నోటి మీద పడింది. ఇంటికొచ్చేదాకా తియ్యలేదనే నాకు గుర్తు.

ఆ రాత్రి, తానం చేసి, తూర్పు తిరిగి, బోధన్ ఫ్యాక్టరీ గొట్టం సాక్షిగా, చెరకు బండ్ల సాక్షిగా నేనొక ఘోర ప్రతిజ్ఞ చేశాను. ఈ జన్మలో ఎవరి మనసూ మార్చను. ఎక్కడైనా ఎవరి మనసైనా తనంతట తాను మారుతూ కనబడితే, దూరంగా జరిగి నోట్లో తువ్వాలు కుక్కుకుంటాను. ఆ ముగ్గురు దయ్యాలూ నా ఇంటికే వస్తే, మొదటి ఇద్దరికీ చాయ్ పోసి పక్క వీధికి పంపుతాను. మూడోదాని కాళ్ళకు మొక్కి, గురువుగారూ నాకూ ఆ మౌనం నేర్పండి అని అడుగుతాను. నేటి నుంచి గంగారాం అనే నేను నోరు విప్పనంటే విప్పను.

ఇదంతా గట్టిగా, వాడకట్టుకు వినబడేట్టు చెప్పాను. అవ్వ గోడ వైపు తిరిగి పడుకుని ఉంది. నిద్రపోయిందనుకున్నాను.

"గదీ నోటితోనేనా బిడ్డా?" అంది.